సుత్తి దెబ్బలో శాస్త్రాన్ని చూసిన బెర్న్‌స్టెయిన్

మన హాస్టల్ వార్షికోత్సవ సంచికలో ప్రతి ఏడూ ఒక మహనీయుని జీవితం వేసుకోవడం ఆనవాయితీ. అంబేద్కర్ గారి గురించి, ఫూలే దంపతుల గురించి, జాషువా గారి గురించి మన అన్నలు, అక్కలు ఎన్నోసార్లు రాశారు. ఇక ముందు కూడా రాస్తారు. ఈసారి మేము ఒక శాస్త్రవేత్తను మీ ముందుకు తీసుకువస్తున్నాము. ఆయన పేరు నికొలాయ్ అలెగ్జాండ్రోవిచ్ బెర్న్‌స్టెయిన్. మన పాఠ్యపుస్తకాల్లో ఆయన పేరు కనిపించదు. కానీ ఫిజియోథెరపీ చదివేవారికి, ఆటగాళ్లకు శిక్షణ ఇచ్చేవారికి, రోబోలు తయారుచేసే ఇంజనీర్లకు ప్రపంచమంతటా తెలిసిన పేరు అది.

ఆయననే ఎందుకు ఎంచుకున్నామంటే దానికి ఒక కారణం ఉంది. మనలో చాలామందిమి చేతి పని చేసే ఇళ్ల నుంచి వచ్చినవాళ్లం. మన అమ్మలు నాట్లు వేస్తారు. మన నాయనలు రాళ్లు కొడతారు, చెప్పులు కుడతారు, డప్పు కొడతారు, తాపీ పట్టి గోడ కడతారు. చేతి పనికి ఒళ్లు ఉంటే చాలు, చదువుకే బుర్ర కావాలి అనే మాట మనం చిన్నప్పటి నుంచి వింటూనే ఉన్నాం. వినీ వినీ మనలో కొందరం దాన్ని నమ్మేశాం కూడా. ఆ మాట ఎంత తప్పో ప్రయోగశాలలో చూపించినవాడు బెర్న్‌స్టెయిన్. ఒక చేయి ఒక సుత్తి దెబ్బ సరిగా వేయాలంటే మెదడు ఎంత పని చేయాలో ఆయన లెక్క కట్టి చూపించాడు.

బాల్యం – చదువు

బెర్న్‌స్టెయిన్ 1896 నవంబర్ 5న రష్యాలోని మాస్కో నగరంలో పుట్టాడు. తండ్రి అలెగ్జాండర్ పేరున్న మానసిక వైద్యుడు. తాత కూడా వైద్యుడే. బాబాయి సెర్గీ గొప్ప గణిత శాస్త్రవేత్త. మనకున్న పేదరికం ఆయనకు లేదు, ఆ సంగతి దాచనక్కరలేదు. చదువుకున్న ఇల్లు, నిండా పుస్తకాలు, పియానో వాయించే అలవాటు, ఎన్నో భాషలు వచ్చిన మనుషులు. వీటన్నిటి మధ్య పెరిగిన ఆ పిల్లవాడికి రైలు ఇంజన్లన్నా, వంతెనలన్నా ప్రాణం. వాటి నమూనాలు తన చేతులతో తయారుచేసేవాడు. కదిలే వస్తువు ఎలా కదులుతుంది, బరువు మోసే వస్తువు ఎలా మోస్తుంది అన్న ప్రశ్న చిన్నప్పుడే ఆయన బుర్రలో పడింది.

విశ్వవిద్యాలయంలో మొదట చరిత్ర, భాషల శాఖలో చేరాడు. 1914లో మొదటి ప్రపంచయుద్ధం వచ్చింది. గాయపడిన సైనికులు వేలకు వేలు ఇళ్లకు తిరిగివస్తున్న రోజులవి. దేశానికి వైద్యులు అవసరమని ఆయన వైద్యవిద్యకు మారాడు. 1919లో డాక్టరయ్యాడు. అప్పటికి విప్లవం వచ్చి, దేశంలో అంతర్యుద్ధం నడుస్తోంది. కొత్త డాక్టరు సైన్యంలో వైద్యుడుగా పనిచేసి మాస్కోకు తిరిగివచ్చాడు.

చీకటి గదిలో చిన్న దీపాలు

1920లో మాస్కోలో కేంద్ర శ్రమ సంస్థ అనే పరిశోధనాలయం మొదలైంది. దాన్ని స్థాపించిన అలెక్సీ గాస్తెవ్ ఒకప్పుడు ఇనుప పని చేసిన కార్మికుడు, కవి కూడా. కార్మికుడు ఎలా కదిలితే అలసట తక్కువ, పని ఎక్కువ అవుతుందో కనిపెట్టి, ఆ సరైన పద్ధతిని అందరికీ నేర్పాలని ఆయన ఉద్దేశం. 1922లో బెర్న్‌స్టెయిన్ ఆ సంస్థలో చేరాడు. అప్పుడు ఆయన వయసు పాతికేళ్లు.

ఆయన మొదట పరిశీలించిన పని ఉలి మీద సుత్తితో కొట్టి ఇనుమును కోయడం. మనకు చూస్తే అదొక మామూలు పని. కంటికి అది ఒక్క క్షణంలో అయిపోతుంది కాబట్టి చూసి లాభం లేదు. అందుకని కార్మికుని భుజానికి, మోచేతికి, మణికట్టుకు, సుత్తి తలకు చిన్న చిన్న బల్బులు కట్టారు. గదిని చీకటి చేశారు. కెమెరా ముందు రంధ్రాలున్న ఒక చక్రం గిర్రున తిరుగుతూ ఉంటుంది. రంధ్రం ఎదురుగా వచ్చినప్పుడల్లా వెలుగు లోపలికి వెళుతుంది. సెకనుకు ఎన్నో పదుల సార్లు ఇలా జరిగితే చేయి కదిలిన దారి అంతా ఫొటో మీద చుక్కల గీతగా పడుతుంది. ఆ చుక్కల మధ్య దూరం కొలిచి, వేగం ఎంత, బలం ఎంత అని ఆయన గణితంతో లెక్క వేసేవాడు. కంప్యూటర్లు లేని రోజుల్లో ఈ లెక్కలన్నీ చేతితోనే చేయాలి.

ఆ ఫొటోల్లో ఒక వింత బయటపడింది. బాగా పని వచ్చిన మనిషి వందసార్లు కొడితే వందసార్లూ సుత్తి దాదాపు ఒకే చోట పడుతుంది. మరి చేయి కూడా వందసార్లూ ఒకే దారిలో కదిలి ఉండాలి కదా? కాదట. భుజం ఒకసారి కొంచెం ఎక్కువ, ఒకసారి కొంచెం తక్కువ తిరుగుతోంది. మోచేయీ అంతే, మణికట్టూ అంతే. ఏ రెండు దెబ్బల్లోనూ కీళ్లు అచ్చంగా ఒకేలా కదలలేదు. భుజం కొంచెం ఎక్కువ వెళితే మోచేయి సర్దుకుంటోంది. మోచేయి తప్పితే మణికట్టు సర్దుతోంది. ఒకదాని పొరపాటు ఇంకొకటి దిద్దుకుంటూ, చివరికి సుత్తిని మాత్రం చేరవలసిన చోటికి చేరుస్తున్నాయి. అన్నదమ్ములు కలిసి కాపురం ఈదినట్టుగా!

మెదడు ఏం చేస్తుంది?

ఆ కాలంలో శాస్త్రవేత్తలు కదలికను ఎలా అర్థం చేసుకునేవారో చూద్దాం. ప్రతీకార చర్య గురించి, పావ్‌లోవ్ కుక్క గురించి మనం జీవశాస్త్రంలో చదువుకున్నాం. గంట మోగితే లాలాజలం ఊరుతుంది. బయట నుంచి ఒక ప్రేరణ లోపలికి వెళుతుంది, లోపలి నుంచి ఒక ఆజ్ఞ బయటికి వస్తుంది. మనిషి నేర్చుకునే కదలికలన్నీ ఇలాంటి ప్రతీకార చర్యల గొలుసులేనని చాలామంది నమ్మేవారు. 1870లో జర్మనీలో ఇద్దరు వైద్యులు కుక్క మెదడుపై ఒక్కొక్క చోట విద్యుత్తు తాకించి ఒక్కొక్క అవయవం కదలడం చూపించారు. దానితో మెదడు పియానో మెట్ల వరుస వంటిదని, ఏ మెట్టు నొక్కితే ఆ కండరం కదులుతుందని ఊహ బలపడింది.

సుత్తి ఫొటోలు ఈ ఊహకు సరిపడలేదు. బెర్న్‌స్టెయిన్ చెప్పిన కారణాలు మూడు.

మొదటిది. మన చేతికి కదిలే తీరులు అవసరానికి మించి ఉన్నాయి. భుజం మూడు విధాలుగా కదులుతుంది. మోచేయి ముడుస్తుంది, ముంజేయి మెలి తిరుగుతుంది, మణికట్టు రెండు విధాలుగా వంగుతుంది. మొత్తం ఏడు. ఒక వస్తువును గాలిలో ఒక చోటికి చేర్చడానికి మూడు చాలు. అంటే గ్లాసు అందుకోవడానికి చేయి వెళ్లగల దారులు లెక్కలేనన్ని. తోలుబొమ్మకు అవసరమైనదానికన్నా ఎక్కువ తాళ్లు కట్టి ఆడించమన్నట్టు. ఇన్నిటిలో నుంచి ఒక దారిని మెదడు క్షణంలో ఎలా ఎంచుకుంటుంది? ఈ ప్రశ్నను నేటికీ శాస్త్రజ్ఞులు బెర్న్‌స్టెయిన్ సమస్య అనే పిలుస్తారు.

రెండవది. కండరానికి ఒకే ఆజ్ఞ ఇచ్చినా ఒకే కదలిక రాదు. చేయి వేలాడుతున్నప్పుడు భూమి ఆకర్షణ ఒక తీరుగా లాగుతుంది, పైకెత్తినప్పుడు ఇంకో తీరుగా లాగుతుంది. చేయి ఊపులో ఉంటే ఆ ఊపు బలం వేరే. కాబట్టి ముందే రాసిపెట్టుకున్న ఆజ్ఞలను వరుసగా పంపితే సుత్తి ఉలి మీద పడదు, వేలి మీద పడుతుంది.

మూడవది. అందువల్ల మెదడుకు ఎప్పటికప్పుడు కబురు తిరిగి రావాలి. కండరం ఎంత సాగింది, కీలు ఎంత వంగింది, చర్మానికి ఏం తగిలింది, కంటికి ఏం కనిపించింది అనే కబుర్లు క్షణక్షణం పైకి వెళుతుంటాయి. మెదడు వాటిని చూసి ఆజ్ఞను సవరిస్తుంది. ఎడ్లబండి తోలే మనిషిని గుర్తు చేసుకోండి. పగ్గాలు ఒకసారి లాగి వదిలేసి కూర్చుంటే బండి కాలువలో పడుతుంది. ఎడ్లు ఎటు లాగుతున్నాయో పగ్గం ద్వారా చేతికి తెలుస్తూనే ఉంటుంది, చేయి సర్దుతూనే ఉంటుంది. పుస్తకాల్లో గీసే ప్రతీకార చర్యా చాపం చివర్లు కలిపితే వలయం అవుతుంది. ఆజ్ఞ వెళ్లడం, కబురు రావడం, మళ్లీ ఆజ్ఞ వెళ్లడం, ఇది ఆగని వలయమని ఆయన 1930ల నాటికే రాశాడు. యంత్రాల విషయంలో ఇదే సూత్రం ప్రపంచానికి బాగా తెలిసింది 1948 తరువాత.

అయితే సరిదిద్దుకోవాలంటే దేనితో పోల్చుకుని దిద్దుకోవాలి? అందుకే మెదడులో ముందుగా ఉండేది కండరాల జాబితా కాదని, జరగవలసిన పని బొమ్మ అని బెర్న్‌స్టెయిన్ అన్నాడు. ఒకే మాటను కుడిచేత్తో, ఎడమచేత్తో, కాలితో, నోట కలం పెట్టుకుని రాసినా అక్షరాల ఒంపులో ఒకే మనిషి పోలిక కనిపిస్తుంది. కాలి కండరాలు ఎన్నడూ అక్షరం రాసి ఎరుగవు. అయినా రాశాయంటే, అక్షరం ఉన్నది కండరాల్లో కాదన్నమాట. మెదడు దాన్ని ఒక రూపంగా దాచుకుంది. ఏ అవయవం దొరికితే దానితో ఆ రూపాన్ని గీయిస్తుంది.

ఈ పని అంతా మెదడులో ఒకే చోట జరగదు. ఏం చేయాలో నిర్ణయించే పై అంతస్తు ఒకటి, వస్తువు ఎంత దూరంలో ఉందో చూసుకునేది ఒకటి, ఎన్నో కండరాలను ఒక జట్టుగా కదిలించేది ఒకటి, ఒంటి బిగువును నిలిపేది అడుగున ఒకటి, ఇలా అంతస్తులుగా ఉంటుందని ఆయన వివరించాడు. నేడు మనకు మరికొంత వివరం తెలుసు. పెద్ద మెదడు పైపొర ఆజ్ఞ తయారుచేస్తుంది. చిన్నమెదడు అనుకున్నదానికీ జరిగినదానికీ తేడా చూసి తరువాతి ప్రయత్నాన్ని దిద్దుతుంది. వెన్నుపాము చివరి పని నడిపిస్తుంది.

నేర్చుకోవడం అంటే ఏమిటి?

గంటకు ఇంత అని అద్దె కట్టి సైకిల్ నేర్చుకున్న రోజులు మన పూర్వ విద్యార్థులకు గుర్తుండే ఉంటాయి. మొదటి రోజు ఒళ్లంతా కర్రలా బిగుసుకుపోతుంది. హ్యాండిల్‌ను పట్టుకున్న పట్టుకు అరచేతులు ఎర్రబడతాయి. అది మన భయం మాత్రమే కాదు. కదిలే కీళ్లు ఎక్కువైతే అదుపు కష్టం కాబట్టి, కొత్తలో నాడీ వ్యవస్థ సగం కీళ్లను బిగించేసి లెక్కను సులువు చేసుకుంటుంది. అలవాటయ్యేకొద్దీ ఒక్కొక్క కీలును వదులు చేస్తుంది. ఇది రెండో మెట్టు. మూడో మెట్టులో భూమి ఆకర్షణను, శరీరం ఊపును ఎదిరించడం మాని వాటినే వాడుకుంటుంది. అప్పుడు తక్కువ బలంతో ఎక్కువ పని జరుగుతుంది. ఆరితేరిన మనిషి పని చూడటానికి హాయిగా ఉండటానికి రహస్యం ఇదే.

ఇక్కడే బెర్న్‌స్టెయిన్ మనకు పనికొచ్చే గొప్ప మాట ఒకటి చెప్పాడు. అభ్యాసం అంటే ఒకే కదలికను మళ్లీ మళ్లీ ముద్ర వేసుకోవడం కాదు. ఆ పనిని సాధించే మార్గాన్ని ప్రతిసారీ కొత్తగా వెతకడం. అలా వెతుకుతూ వెతుకుతూ వెతకడంలోనే నేర్పు సంపాదించడం. మొదటి రోజు వంకర కదలికను అచ్చంగా వందసార్లు చేస్తే వందవ రోజున కూడా వంకరే మిగులుతుంది కదా! పియానో వాద్యకారులను పరిశీలించినప్పుడు కూడా ఆయనకు, ఆయన సహచరులకు ఇలాంటిదే కనిపించింది. నెమ్మదిగా వాయించేటప్పటి కదలిక, వేగంగా వాయించేటప్పటి కదలిక ఒకటి కాదు. వేగం మారితే సమస్యే మారుతుంది, మెదడు దానికి వేరే జవాబు వెతుక్కోవాలి.

ఇంకొక సంగతి. నేర్చుకుంటున్నప్పుడు కొన్నాళ్లు ఏ ముందడుగూ ఉండదు. ఒక్కోసారి వచ్చినది కూడా పోయినట్టు ఉంటుంది. పై అంతస్తు పనిని కింది అంతస్తుకు అప్పగించే సమయంలో ఇలా జరుగుతుందని, ఆ తరువాత ఒక్కసారిగా పని సులువవుతుందని ఆయన వివరించాడు. కబడ్డీలోనో, ఇంగ్లీషు చేతిరాతలోనో నాకిక రాదని వదిలేసే తమ్ముళ్లు, చెల్లెళ్లు ఈ మాట గుర్తుంచుకోవాలి. ఆ ఆగిన రోజుల్లో కూడా లోపల పని జరుగుతూనే ఉంటుంది.

ఆయన కార్మికులతో ఆగలేదు. నడక నేర్చుకునే పసిపిల్లలను, ముసలివారిని, పరుగు పందెగాళ్లను కూడా కొలిచాడు. ఫ్రాన్స్ నుంచి వచ్చిన పరుగు వీరుడు జూల్ లాదుమేగ్ కదలికలనూ ఆయన బృందం చిత్రించింది. 1945 నాటికి యుద్ధంలో చేతులు దెబ్బతిన్న సైనికులకు మళ్లీ కదలిక నేర్పడంలో సోవియట్ మనోవైజ్ఞానికులు ఆయన సిద్ధాంతాన్ని ఉపయోగించుకున్నారు.

పెద్దమనిషి తరహా – పెద్ద కష్టం

పావ్‌లోవ్ 1904లో నోబెల్ బహుమతి అందుకున్న మహా శాస్త్రవేత్త. ఆయన సిద్ధాంతంతో కదలికను వివరించలేమని బెర్న్‌స్టెయిన్ ఒక పుస్తకమే రాశాడు. అది అచ్చుకు సిద్ధమైంది. ఇంతలో 1936 ఫిబ్రవరి 27న పావ్‌లోవ్ కన్నుమూశారు. జవాబు చెప్పుకోలేని మనిషితో వాదన ఏమిటని బెర్న్‌స్టెయిన్ ఆ పుస్తకాన్ని వెనక్కి తీసుకున్నాడు. ఎన్నో ఏళ్ల శ్రమ పెట్టెలో పడింది. అది వెలుగు చూసింది 2003లో, ఆయన పోయిన 37 ఏళ్లకు. ఎదుటివారిని ఓడించడం కన్నా మర్యాద పెద్దదని ఆయన ఎంచాడు.

తన పట్ల లోకం అంత మర్యాద చూపలేదు. అవి స్టాలిన్ కాలపు భయంకర రోజులు. ఆయనను మొదట పనిలోకి తీసుకున్న గాస్తెవ్‌ను 1938లో అరెస్టు చేసి, 1939లో కాల్చి చంపారు. బెర్న్‌స్టెయిన్ తన పని తాను చేసుకుంటూ 1947లో కదలికల నిర్మాణం గురించి ఒక పెద్ద గ్రంథం తెచ్చాడు. దానికి 1948లో స్టాలిన్ బహుమతి వచ్చింది. దేశంలో అంతకన్నా పెద్ద గౌరవం ఒక శాస్త్రవేత్తకు అరుదు.

ఆ గౌరవం రెండేళ్లు కూడా నిలవలేదు. పావ్‌లోవ్ చెప్పిందే వేదమని, దానికి వేరుగా ఆలోచించడమే నేరమని ప్రచారం మొదలైంది. యూదు కుటుంబాలలో పుట్టినవారిని దేశాభిమానం లేనివారని నిందించడమూ అప్పుడే సాగింది. బెర్న్‌స్టెయిన్‌దీ యూదు కుటుంబమే. 1950లో మాస్కోలో పెద్ద సభ పెట్టి పావ్‌లోవ్ మార్గంలో లేరన్న శాస్త్రవేత్తలను తీవ్రంగా ఖండించారు. ఆ గాలిలో బెర్న్‌స్టెయిన్ తన ప్రయోగశాలను, ఉద్యోగాన్ని పోగొట్టుకున్నాడు. మామూలు జనం కోసం నేర్పు గురించి తేలికైన భాషలో ఆయన రాసిన పుస్తకం అచ్చుకు పేర్చిన తరువాత ఆగిపోయింది. పేర్చిన అక్షరాలను చెదరగొట్టేశారు.

యాభై ఏళ్లు దాటిన మనిషికి ప్రయోగశాల లేదు. ఆయన విదేశీ శాస్త్ర పత్రికలు చదివి, వాటి సారాంశాలు రష్యన్‌లో రాసి ఇచ్చి బతుకు వెళ్లదీశాడు. నేర్చుకున్న భాషలు అలా అక్కరకు వచ్చాయి. అంత కష్టంలోనూ తాను ఫొటోల్లో చూసిన నిజాన్ని మాత్రం మార్చుకోలేదు. పరికరాలు పోయినా ఆలోచన పోలేదు కాబట్టి, జీవి అంటే ప్రేరణ కోసం ఎదురుచూసే యంత్రం కాదని, తనకు కావలసిన రేపటిని ముందే ఊహించుకుని దానివైపు నడిచేదని ఆ సంవత్సరాల్లో ఆయన మరింత లోతుగా ఆలోచించాడు.

చివరి రోజులు

1953లో స్టాలిన్ మరణించాక మెల్లగా గాలి మారింది. గెల్ఫాండ్, ట్సెట్లిన్ వంటి గణిత శాస్త్రవేత్తలు, యువ ఇంజనీర్లు ఆయన మాటల్లో భవిష్యత్తును చూసి చుట్టూ చేరారు. అంతలో ఆయనకు కాలేయ క్యాన్సర్ వచ్చింది. స్వయంగా వైద్యుడు కాబట్టి తనకు మిగిలిన కాలం ఎంతో ఆయనకు తెలుసు. ఆ కాలాన్ని రచనలు పూర్తి చేయడానికి వాడుకున్నాడు. 1966 జనవరి 16న కన్నుమూశాడు. మరుసటి ఏడాది, 1967లో, ఆయన వ్యాసాల సంపుటి ఇంగ్లీషులో వచ్చింది. ప్రపంచం ఆయనను గుర్తించింది ఆ తరువాతే. చెదరగొట్టిన పుస్తకం రాతప్రతి దొరికి 1991లో రష్యన్‌లోను, 1996లో ఇంగ్లీషులోను అచ్చయింది.

నేడు పక్షవాతం వచ్చిన మనిషికి కప్పు పట్టుకోవడం మళ్లీ నేర్పేటప్పుడు, చేతిని ఊరికే ఆడించడం కన్నా ఒక నిజమైన పని ఇచ్చి రకరకాలుగా ప్రయత్నించమనడం వెనుక ఆయన ఆలోచన ఉంది. క్రీడా శిక్షణలోనూ, నడిచే రోబోల తయారీలోనూ ఆయన వేసిన ప్రశ్నే ఇంకా నడుస్తోంది. కార్ఖానాలో వేల భాగాలను తప్పులేకుండా బిగించే రోబోకు కూడా, కొత్త ఇంట్లో తెలియని వస్తువులను మన అమ్మ సర్దినంత సులువుగా సర్దడం కష్టమే.

మిత్రులారా, ఈసారి సెలవులకు ఇంటికి వెళ్లినప్పుడు మీ అమ్మ నాటు వేస్తుంటే ఒక్క నిమిషం ఆగి చూడండి. మడిలో మోకాలి లోతు బురద, అడుగడుక్కీ నేల వేరు, చేతిలో నారు వేరు. అయినా మొక్క సరైన ఎడంలో, సరైన లోతులో నిలుస్తుంది. ఏ రెండు మొక్కలకూ ఆమె చేయి ఒకేలా కదలదు. ప్రతి మొక్కకూ ఆమె మెదడు ఒక లెక్క కొత్తగా చేస్తోంది. ఆ లెక్క ఎంత కష్టమైనదో తెలుసుకోవడానికి ఒక శాస్త్రవేత్తకు జీవితకాలం పట్టింది.

కాబట్టి మన ఇళ్ల చేతి పని గురించి ఎవరి ముందూ మనం తల వంచుకోనక్కరలేదు. అలాగే, మొదటిసారి పెన్ను వంకర పోయినా, మొదటిసారి వేదిక ఎక్కితే కాళ్లు వణికినా, మొదటి పరీక్ష తప్పినా సిగ్గుపడనక్కరలేదు. నిన్నటి ప్రయత్నాన్నే ఇవాళ మక్కీకి మక్కీ చేయకుండా, తప్పు ఎక్కడ జరిగిందో ఆ కబురు విని, ఇంకో దారి వెతుకుదాం. చేరవలసిన చోటు కళ్ల ముందు ఉంటే దారి దొరుకుతుంది. బెర్న్‌స్టెయిన్ సుత్తి ఫొటోల్లో చూసిందీ అదే, ప్రయోగశాల పోయిన తరువాత బతికి చూపిందీ అదే.